ఆదివారం సంతకం

ఉద్యోగ విరమణకు రెండేళ్ల ముందు, సైబరాబాద్ కేసులు వచ్చే ఒక సెషన్స్ కోర్టులో నన్ను అదనపు పబ్లిక్ ప్రాసిక్యూటర్‌గా వేశారు. అంటే క్రిమినల్ కేసుల్లో ప్రభుత్వం తరఫున వాదించే వకీలును. నోరున్న మనిషినని నాకు పేరు. ఆ పేరు నాకు ఇష్టమే.

అక్కడ నేను నడిపిన బెయిల్ పిటిషన్లలో ఒకటి చెబుతాను. బాధితురాలి పేరు బయటపెట్టడం చట్టరీత్యా నేరం కాబట్టి ఆమెను కరుణ అందాం. గుంటూరు వైపు అమ్మాయి, హైటెక్ సిటీలో ఉద్యోగం. పెళ్లి చేసుకోమని వెంటపడ్డ టీమ్ లీడర్‌ను కాదంది. అంతే, ఆమె ముఖాన్ని బూతు బొమ్మలకు అతికించి, దొంగ ఖాతాల నుంచి ఆఫీసులో అందరికీ పంపాడు. మణికొండలో ఆమె ఉండే హాస్టల్ ముందు రోజూ కారు ఆపుకుని కూర్చునేవాడు. ఆమె అతనికి తెలియకుండా నార్సింగికి మారి, అక్కడి పోలీసులకు ఫిర్యాదు చేసింది. పోలీసులు అతన్ని అరెస్టు చేశారు. ఫోను, ల్యాప్‌టాప్ స్వాధీనం చేసుకున్నారు. అతను బెయిల్ అడిగాడు.

బెయిల్ అంటే నిర్దోషి అని కాదు. నేరం చేశాడా లేదా అన్నది తర్వాత విచారణలో తేలుతుంది. ఈ దశలో జడ్జి చూసేవి వేరు: మనిషి పారిపోతాడా, సాక్ష్యాలు చెరిపేస్తాడా, బాధితురాలిని భయపెడతాడా. నేరానికి శిక్ష ఏడేళ్ల లోపే, పరికరాలు పోలీసుల దగ్గరే ఉన్నాయి, పాత కేసులు లేవు. ఇలాంటప్పుడు ఎంత గొంతు చించుకున్నా బెయిల్ వచ్చే అవకాశమే ఎక్కువ. నాకది తెలుసు. అందుకే ఆరోజు కరుణను రమ్మన్నాను. బెయిల్ సంగతి బాధితురాలికి తెలియాలి, ఆమె మాట కోర్టు వినాలి. చాలామంది దాన్ని మొక్కుబడిగా కానిస్తారు, నేను కానివ్వను.

వరండాలో ఆమె ఒకచోట నిలవలేక అటూ ఇటూ తిరుగుతోంది.

"ఏంది బిడ్డా, గిట్ల పరేషాన్ అయితున్నవ్? జర నీళ్లు తాగు. వాడు బయటికొస్తే నీకు దేనికి భయం?" అని అడిగాను.

"మెసేజులకి కాదండి, బ్లాక్ చేసుకుంటాను. వాడు ఎదురుపడితే మాత్రం నా వల్ల కాదండి. కేసూ వద్దు, ఉద్యోగమూ వద్దని ఊరెళ్లిపోతాను."

అమ్మాయి వెళ్లిపోతే కేసులో మిగిలేది కాగితాలే.

కోర్టులో ఎదుటి పక్షం వకీలు, నిందితుడు అమ్మాయి తల్లిదండ్రుల దగ్గరికి వెళ్లి క్షమాపణ చెప్పుకుంటాడని, దాన్నే షరతుగా పెట్టమని కోరాడు. నేను లేచాను. వెంటపడటమే నేరమైన కేసులో, మళ్లీ వెళ్లి కలవమని కోర్టే పంపుతుందా అన్నాను. ఇలాంటి కేసుల్లో రాజీలు, క్షమాపణలు బెయిల్ షరతులు కాకూడదని పై కోర్టులు చెప్పిన మాటా గుర్తు చేశాను. జడ్జి గారు ఆ కోరికను అక్కడే తోసిపుచ్చారు. బెయిల్ మాత్రం ఇస్తున్నానన్నారు.

తర్వాత షరతులు చెప్పడం మొదలుపెట్టారు, స్టెనో రాసుకుంటున్నాడు. మా కోర్టుల్లో ఒక షరతు నోటికి అలవాటైపోయింది: ప్రతి ఆదివారం కేసు నమోదైన స్టేషన్‌కు వెళ్లి సంతకం పెట్టాలి. ఆ మాట వినగానే వెనక నుంచి ఎవరో నా నల్లగౌను లాగారు. కరుణ.

"మేడమ్, ఆ స్టేషన్ పక్క సందులోనే మా చర్చి అండి. ఆదివారం క్వయర్‌లో పాడతానండి. వాడికి ఆ చర్చి సంగతి తెలియదు," అని చెవిలో చెప్పింది.

అబ్బా, ఎంత పని జరిగేది! వాడు ఆమెను వెతుక్కోనక్కర లేదు, మేమే వారం వారం అక్కడికి పంపుతున్నాం.

జడ్జి ఉత్తర్వు చెబుతుండగా అడ్డుపడటం మర్యాద కాదు. అడ్డుపడ్డాను. సంతకం రోజును మామూలు పనిదినానికి, స్టేషన్‌ను కోకాపేటలో నిందితుడి ఇంటికి దగ్గరి దానికి మార్చమని కోరాను. జడ్జి గారు కళ్లద్దాల మీదుగా చూసి కారణం అడిగారు. కరుణ చెప్పబోయింది. చెయ్యి పట్టి ఆపాను. ఆమె నోరు విప్పితే ఆ సందు పేరు ఎదుటి వకీలు చెవిన పడుతుంది. ఉత్తర్వులోకి ఎక్కితే నిందితుడి చేతికే అందుతుంది.

"బాధితురాలి భద్రత, యువర్ ఆనర్. అంతకు మించి చెబితే ఆ భద్రతే పోతుంది," అన్నాను.

ఎదుటి వకీలు ఊరుకోలేదు. కారణం చెప్పాల్సిందేనని పట్టుబట్టాడు.

"ఏం సార్, మీ క్లయింటుకు ఇంటి పక్కనే స్టేషన్ ఇస్తమంటే వద్దంటున్నరా? నార్సింగి దాకా పోవాలని అంత మోజేంది?" అని ఆయన వైపు తిరిగాను. కోర్టు హాల్లో నవ్వులు. జడ్జి గారికి విషయం అర్థమైంది. నిందితుడికి ఇందులో నష్టమేమీ లేదని చెప్పి, సంతకం రోజును, స్టేషన్‌ను మార్చారు. బాధితురాలిని నేరుగా గానీ, ఎవరి ఖాతా నుంచైనా గానీ సంప్రదిస్తే బెయిల్ రద్దు కోరవచ్చని కూడా చేర్చారు.

ఆఫీసులో ఒక సహోద్యోగి, "బెయిల్ ఇచ్చిన్రంట కదా, ఓడిపోయిన్రు మేడమ్," అని ఆటపట్టించాడు. ఓడానో గెలిచానో విచారణలో తెలుస్తుందన్నాను. విచారణ నాటికి కరుణ ఈ ఊళ్లోనే ఉంది. బోనులో నిలబడి, ఎదుటి వకీలు అడిగిన ప్రతి ప్రశ్నకూ తడబడకుండా జవాబిచ్చింది. నాకు ఛాతీ ఉప్పొంగింది, దాచుకోవడమెందుకు? ఆ తర్వాత స్టెనో కూడా ఆదివారం అని టైపు చేసే ముందు తలెత్తి నా వైపు చూసేవాడు.

కొత్తగా వచ్చే ప్రాసిక్యూటర్లు బెయిల్‌ను ఎలా అడ్డుకోవాలని నన్ను అడుగుతుంటారు. వాదనలు చెబుతాను, తీర్పులు చెబుతాను. వాటన్నిటికంటే ముందు బాధితురాలిని కూర్చోబెట్టి ఒక్క ప్రశ్న అడగమంటాను: ఆదివారం నువ్వెక్కడుంటావు? జవాబు మాత్రం ఉత్తర్వులో రాయనివ్వద్దంటాను.