దారం తెగింది, మిషన్ ఆపు

ఆ రోజుల్లో నోరు మూసుకోవడం కూడా ఒక విద్యేనని, సర్కారు జీతమిచ్చి మరీ దాన్ని నేర్పిస్తుందని నాకు తెలియదు. ఫౌజులో చేరిన కొత్తలో మా ట్రైనింగ్ సెంటర్‌లో ఒక సుబేదార్ సాబ్ ఉండేవారు. తుపాకీ ఎలా పట్టుకోవాలో మిగతావాళ్లు నేర్పితే, నాలుకను ఎలా పట్టుకోవాలో ఆయన నేర్పేవారు. చాటుగా ఆయన్ని 'చుప్ సాబ్' అనుకునేవాళ్లం. దేశం, రాజ్యాంగం, ఓటు హక్కు అంటూ గంభీరంగా మొదలుపెట్టి చివరికి "ఓట్ డాలో, ముహ్ బంద్ రఖో", అంటే ఓటేసి నోరు మూసుకోండి అని తేల్చేసేవారు. పార్టీ సభకు వెళ్లకూడదు, వేదికెక్కి మాట్లాడకూడదు, ఫోన్‌లో ఏ నాయకుడినీ పొగడకూడదు, తిట్టకూడదు. (మాట్లాడకూడదని చెప్పడానికి మధ్యాహ్నమంతా మాట్లాడేవారు. అదేమిటని అడిగే ధైర్యం మాకు లేదు.)

ట్రైనింగ్ అయ్యాక మొదటి సెలవుకు సూరత్ వచ్చాను. గోడాదరాలోని మా గల్లీలో దాదాపు అందరూ తెలుగు నేల నుంచి వలసొచ్చి మరమగ్గాల మీద బతికేవాళ్లే. మా వాళ్లు వాటిని సాంచాలు అంటారు. ఆ గల్లీ నుంచి ఫౌజుకు వెళ్లినవాణ్ని నేనే మొదటివాణ్ని కావడంతో మా బాపు (నాన్నను మేం అలాగే పిలుస్తాం) కాళ్లు నేల మీద ఆనడం లేదు. నాకు సన్మానం పెట్టించాడు. "జర మైకుల మాట్లాడు బిడ్డా. గిన్నేండ్లు సాంచాల సప్పుడే విన్న. ఇగ నీ గొంతు వినాలె" అన్నాడు. ఖర్చు మాత్రం మా వార్డు నాయకుడిది. ఎవరు కాస్త పైకొచ్చినట్టు కనిపించినా శాలువా కప్పేస్తాడని ఆయన్ని అందరూ శాలువా అన్న అనేవారు. పార్టీ సంగతులేమీ ఉండవు కదా అని ముందే అడిగాను. "గదేంది తమ్మీ, గిది మనింటి పని" అన్నాడు. నమ్మాను. చుప్ సాబ్ పాఠంలో నాయకుల్ని నమ్మకూడదని ఎక్కడా లేదు మరి.

సాంచాలకు సెలవున్న రోజు సాయంత్రం గల్లీ అంతా షామియానా కిందికి వచ్చింది. సాంచా నడిపినవాడికి ఏ మిషనైనా చుట్టమే కాబట్టి మైకు సెట్టు తానే చూసుకుంటానని బాపు స్విచ్చుల దగ్గర నిలబడ్డాడు. నాకు శాలువా కప్పి కూర్చోబెట్టారు. అప్పుడు వెనకున్న పరదా లాగారు! శాలువా అన్న నవ్వుతున్న పెద్ద బొమ్మ, పక్కనే ఎన్నికల గుర్తు. "ఇప్పుడు మన ఫౌజీ తమ్ముడు మీరు ఎవలకు ఓటెయ్యాల్నో చెప్తడు!" అని మైకు తెచ్చి నా చేతిలో పెట్టాడు.

ముందు వరుసలో ఫోన్లు లేచాయి. నమస్తే అన్నా చాలు, తెల్లారేలోపు ఆ వీడియో మా యూనిట్‌కు చేరుతుంది, కొత్త ఉద్యోగం ఊడుతుంది. దిగిపోతే బాపు పరువు గంగలో కలుస్తుంది. శత్రువు ఎదురైతే ఏం చేయాలో నేర్పారు గానీ, శాలువా కప్పినవాడు ఎదురైతే ఏం చేయాలో నేర్పలేదు. చెమటలు కారుతుండగా బాపు కళ్లలోకి చూశాను. నా చెయ్యి దానంతటదే లేచింది.

సాంచాల హోరులో అరిచినా వినపడదు గనుక మా వాళ్లకు చేతులతోనే సగం మాటలు నడుస్తాయి. ఫౌజుకు పోకముందు బాపు పక్కన నేనూ కొన్నాళ్లు పనిచేశాను. రెండు వేళ్లు కలిపి ఎడంగా లాగితే దారం తెగిందని, అరచేతిని కిందికి నొక్కితే మిషన్ ఆపమని. ఆ రెండూ చేశాను. జీవితమంతా ఆ సైగ చూసిన మనిషి ఆలోచిస్తాడా? బాపు టక్కున స్విచ్చు కట్టేశాడు.

మైకు మూగబోయింది. శాలువా అన్న గొంతు చించుకున్నాడు. సాంచాల దగ్గర చెవులు పోగొట్టుకున్న పెద్దలంతా "ఏందీ? ఏమంటున్నడు?" అంటూ అరచేతులు చెవులకు అడ్డం పెట్టుకున్నారు. అంతలో నా సైగను గుర్తుపట్టిన ఆడవాళ్లు ఫక్కున నవ్వారు. "దారం తెగిందట, ఇగ ఇంటికి పోదాం నడువుండ్రి" అని ఒకావిడ లేచింది. వెంట గల్లీ అంతా లేచింది. నేను శాలువా మడిచి కుర్చీలో పెట్టి దిగిపోయాను.

ఇంటికొచ్చాక బాపు చెప్పులు విడిచి గోడవైపు తిరిగి కూర్చున్నాడు. నా గొంతు మైకులో వినాలన్న ఆశను ఆయన చేత్తోనే ఆయన కట్టేశాడు కదా, నాకు ఏడుపొచ్చినంత పనైంది. "కోపమొచ్చిందా బాపూ?" అన్నాను. "కోపమెందుకురా? మైకుల ఎవడన్న మాట్లాడ్తడు. నోరు తెరవకుంట గంత మందికి సమజ్ చేసినవ్" అన్నాడు. మర్నాడు చాయ్ బండి దగ్గర ఆయన చాటింపు నా చెవిన పడింది. "మా పోరనికి నోరు మూసుకున్నందుకే సర్కారు జీతమిస్తది. మీకెవలకన్న ఇస్తదా?"

ఇప్పుడు నేను హవల్దార్‌ని. కొత్త కుర్రాళ్లకు మధ్యాహ్నమంతా ఆ పాఠం చెప్పేది నేనే. వెనక బెంచీల వాళ్లు నాకేం పేరు పెట్టారో తెలుసుకోదలచుకోలేదు. బాపుకు చెవులు పూర్తిగా పోయాయి, ఫోన్‌లో ఆయనకు నా గొంతు ఇక వినపడదు. వీడియోలో కనిపించి, రెండు వేళ్లు కలిపి చూపిస్తాడు, దారం బాగానే ఉందా అని. నేనూ నా రెండు వేళ్లు కలిపి చూపిస్తాను. అప్పుడు మైకు పట్టుకుని చెమటలు కక్కిన ఆ కుర్రాడు గుర్తొచ్చి, నవ్వుకుంటూనే కళ్లు తుడుచుకుంటాను.