చెరుకు లారీ చివరి పాట

ఏళ్ల తరబడి ఒక మాట గొంతులో పెట్టుకుని బతుకుతున్నాను. మింగుడు పడదు, బయటికి రాదు. నువ్వెవరో నాకు తెలియదు కాబట్టే నీతో చెప్పగలుగుతున్నాను.

మా జహీరాబాద్‌లో ఒక రాక్ బ్యాండ్ ఉండేది. పేరు చెరుకు లారీ. ఊరు వాళ్లను పట్టించుకోలేదు, మా నలుగురు అభిమానులకు మాత్రం వాళ్లంటే పిచ్చి. ఆల్బం అంటూ లేదు. అల్లం గోదాంలో ప్రాక్టీసు చేస్తుంటే ఎవరో పట్టిన క్యాసెట్లే మిగిలాయి. పాడే సలీం హైవే మీద ప్రమాదంలో పోయాక, వాటిని వెతికి నా బ్లాగులో పెట్టడం మొదలుపెట్టాను. ఏ పాట ఎవరు, ఎక్కడ రికార్డు చేశారో రాసేవాణ్ణి. ఒక్క అబద్ధం ఉండకూడదని నా పంతం. నవ్వొస్తోందా?

సలీం చెల్లెలు నసీమ్ ఒక క్యాసెట్ ఇచ్చింది. అన్న చివరగా పాడిన పాట. తనకు వినే ధైర్యం లేదంది. వేరే కాపీ లేదు. ఇంటికొచ్చి ఒకసారి విన్నాను. తర్వాత కంప్యూటర్‌కి తీగ తగిలించి, అందులో రికార్డు నొక్కాలన్న ధ్యాసలో టేప్‌రికార్డర్ మీది ఎర్ర మీట నొక్కేశాను. నసీమ్ ఇచ్చింది నిజానికి బజార్లో కొన్న కవ్వాలీ క్యాసెట్. వాటి వీపున చిన్న గుంటలుంటాయి, దాంతో ఆ మీట దిగనే దిగదు. కానీ ఖాళీ క్యాసెట్ కొనలేక సలీం ఆ గుంటల్లో కాగితం కుక్కి, దాని మీదే తన పాట పట్టాడు. మేమంతా చేసిన పనే అది. చప్పుడు రాకపోతే తీగ వదులైందనుకుని దాన్నే సర్దుతూ కూర్చున్నాను. పాట చెరిగిపోయింది.

ఎందుకు చెప్పలేదు? భయమా? బ్లాగు పరువా? సలీం గొంతుతో పాడి వాణ్ణే నవ్వించేవాణ్ణి ఒకప్పుడు. ఆ గొంతుతోనే, గుర్తున్నంతవరకు, ఆ టేపు మీదే నేను పాడాను. నిజమనిపించాలని మధ్యలో ఒక దగ్గు కూడా పెట్టాను. బ్లాగులో పెట్టి నసీమ్‌కి పంపాను.

"అమ్మీకి వినిపించిన అన్నా," అని ఫోన్ చేసింది. "నడుమల దగ్గు వస్తది సూడు, ఆడికి రాంగనే 'బిడ్డ దగ్గుతుండు, జర నీళ్లియ్యిన్రి' అంటది."

"నసీమ్, ఆ పాట..."

"ఎన్నడు తియ్యకు అన్నా. మాకు గదొక్కటే మిగిలింది."

ఇప్పుడు తీసినా లాభం లేదు. ఎన్ని బ్లాగుల్లోకి పాకిందో. ఆ దగ్గు వల్లే అభిమానులు అది అసలుదని నమ్ముతున్నారు. చెబితే ఆ తల్లికి కొడుకు మళ్లీ పోతాడు. చెప్పకుండా ఉండడం నా వల్ల కావడం లేదు. ఏం చేయను?

మొన్న రంజాన్ పండక్కి వాళ్లింటికి వెళ్లాను. పాట పెట్టారు. దగ్గు దగ్గరికి రాగానే అమ్మీ నీళ్ల గ్లాసు ముందుకు చాచింది. పక్కన నేనే ఉన్నాను. తీసుకుని తాగాను.

ఆ దగ్గు నాది. ఆ పాటా నాదే. ఇన్నేళ్లకు అనగలిగాను.