ఓటుకి ముందు ఒట్టు

ఆమెకు తల్లిదండ్రులు పెట్టిన పేరు వేరే ఉంది గాని, అది జీతం కాగితాల మీద తప్ప ఇంకెక్కడా కనిపించదు. పట్టణ సభలో ఎవరేమన్నారో, ఎవరు ఎవర్ని ఏమన్నారో ఇరవయ్యారేళ్లుగా మినిట్స్ పుస్తకంలోకి ఎక్కిస్తున్న గుమాస్తా కాబట్టి ఊరంతటికీ ఆమె మినిట్సమ్మ. చెప్పులు కుట్టించుకోవడానికి వెళ్లినా, "మీ దగ్గర చూసి మాట్లాడాలమ్మా, రాసేసుకుంటారు" అంటాడు కుట్టేవాడు.

సభామందిరం అంటే పెద్దగా ఊహించుకోనక్కర్లేదు. మేడ మీద ఓ పొడవాటి గది. మధ్యలో గుండ్రటి బల్ల, చుట్టూ పదకొండు కుర్చీలు, టకటకమంటూ తిరిగే రెండు ఫ్యాన్లు, కిటికీ పక్కన మినిట్సమ్మ చిన్న మేజా. ఆ మేజాకున్న ఘనత ఒక్కటే. ఇన్నేళ్లలో అక్కడ రాసిన మినిట్స్‌లో ఒక్క సవరణ పడలేదు. ప్రతి సమావేశం మొదట్లో అధ్యక్షుడు "కిందటిసారి మినిట్స్ మీద సవరణలేమైనా?" అని అడుగుతాడు. అందరూ "లేవు" అంటారు. ఆ మాట వినబడ్డప్పుడల్లా మినిట్సమ్మ కళ్లజోడు సర్దుకుంటుంది. బయటికి తెలియదుగాని, అది ఆమె పండగ.

ఇంకో నెలలో ఆమె రిటైరు కాబోతోంది. "తప్పెరుగని కలం" అని రాతి పలక మీద చెక్కించి ఆమె మేజా పైన గోడకి బిగించాలని సభవారు అనుకున్నారు. వద్దండీ అని ఆమె మూడుసార్లు అంది. నాలుగోసారి అనలేదు.

ఇక ఆ సభకున్న వింత ఆచారం సంగతి. అక్కడి సభ్యులు నేరుగా ఓటు వేయరు. ముందు ప్రతివాళ్లూ ఎడమ పక్కనున్నవాళ్ల నెత్తి మీద చెయ్యి పెట్టి, "నాకు తోచిందే చెబుతున్నాను, ఒట్టు" అనాలి. ఆ తర్వాతే చేతులెత్తడం. గుండ్రటి బల్ల కావడంతో పదకొండు చేతులు పదకొండు నెత్తుల మీద ఒకేసారి పడతాయి. కొత్తగా చూసేవాళ్లకి, బాగా ఎదిగినవాళ్లెవరో చిన్నపిల్లల ఆట మొదలెట్టి మధ్యలో మర్చిపోయినట్టుంటుంది. "ఇదేమిటండీ?" అంటే "మా పూర్వీకుల సంప్రదాయం" అంటారు. అధ్యక్షుడికి ఫోటో స్టూడియో ఉంది. ఆ దృశ్యాన్ని ఆయన ఫోటో తీసి, పటం కట్టించి, దాని కింద నాలుగు పేరాల వ్యాఖ్యానం కూడా రాశాడు.

ఈసారి ఎన్నికల్లో కొత్తగా నెగ్గి వచ్చినవాడు లెక్కల మాస్టారు. ఆయన మినిట్సమ్మకి స్వయానా మరిది. పెళ్లి చేసుకోలేదు. అన్నావదినల ఇంటి పై గదిలో ఉంటాడు. ఇంట్లో "వదినా", సభలో "మేడమ్". ఏ విషయమైనా "ఎందుకు?" అని అడగనిదే ఆయనకి తిన్నది అరగదు.

మొదటి సమావేశంలోనే పేచీ వచ్చింది. వీధి దీపాల తీర్మానం మీద అధ్యక్షుడు "ఒట్లు కానివ్వండి" అన్నాడు. పది చేతులు లేచాయి. మాస్టారి చెయ్యి లేవలేదు. ఆయన ఎడమ పక్కనున్నది మందుల షాపాయన. ఆయన నెత్తి మీద ఉన్నది విగ్గని అందరికీ తెలుసు, ఎవరూ పైకి అనరు. మాస్టారి చెయ్యి లేవనందుకు ఆ గదిలో సంతోషించినవాడు ఆయనొక్కడే.

"ఎందుకండీ ఇది?" అన్నాడు మాస్టారు.

"సంప్రదాయం."

"అది పేరండీ. నేనడిగింది కారణం."

"పెద్దలు ఆలోచించే పెట్టి ఉంటారు. అన్నిటికీ కారణాలు రాయించుకుంటామా? మీరు మీ ఆవిణ్ణి నమ్ముతారు, కారణం రాయించుకున్నారా?"

"నాకు పెళ్లి కాలేదండీ."

"అదీ సంగతి!" అన్నాడు అధ్యక్షుడు. గది గదంతా ఘొల్లుమంది.

మాస్టారు నవ్వులు తగ్గేదాకా ఆగాడు. "ఇది రాజుగారి కొలువు కాదండీ. ఇక్కడ మనల్ని కూర్చోబెట్టింది జనం. ప్రతి నియమమూ జనానికి జవాబు చెప్పుకోవాలి. చెప్పుకోలేని నియమం ఎంత పాతదైనా సరే, కిరీటం లేని రాజే. దిగిపొమ్మనాలి."

"మీకు తెలియదని గోడలన్నీ పీకేస్తారా? ఏ గోడ ఏ కప్పుని మోస్తోందో!"

"మోస్తోందో లేదో చూద్దామనేగా అంటున్నాను!"

ఒట్టుని రద్దు చేయాలని మాస్టారు అక్కడికక్కడే తీర్మానం పెట్టాడు. అసలు చిక్కు అప్పుడొచ్చింది. ఒట్టుని రద్దు చేసే ఓటుకి ముందు ఒట్టు వేయాలా, అక్కర్లేదా? వేయకపోతే ఓటు చెల్లదని అధ్యక్షుడు, వేస్తే దాన్ని ఒప్పుకున్నట్టేనని మాస్టారు. ముప్పావుగంట గడిచింది. రిటైరైన నర్సమ్మ చేతిసంచీ భుజాన వేసుకుని, "నాకు మాత్ర వేళైంది. తలే పట్టుకుంటారో, కాళ్లే పట్టుకుంటారో తొందరగా తేల్చండి" అంది.

చివరికి అధ్యక్షుడికి మెరుపులాంటి ఆలోచన వచ్చింది. "కింద స్టోరు గదిలో మన నియమావళి మొదటి ప్రతి ఉంది. సభ పెట్టిన పెద్దలు చేత్తో రాసింది. కారణం అందులోనే ఉంటుంది. వచ్చే గురువారం మినిట్సమ్మగారు తెచ్చి, ఈ ఒట్టు సంగతున్న పదకొండో నియమం చదువుతారు."

మాస్టారు కూడా చప్పట్లు కొట్టాడు. ఆ రోజు ఇద్దరూ ఒప్పుకున్నది అదొక్కటే. కిటికీ పక్కన మినిట్సమ్మ గుండె మాత్రం జారి మేజా కింద పడింది.

ఎందుకంటే ఆ పూర్వీకులు ఎవరో ఆమెకి బాగా తెలుసు. రోజూ పొద్దున అద్దంలో కనిపిస్తూనే ఉంటారు.

ఆమె ఉద్యోగంలో చేరిన మూడో నెలలో, శిథిలమైపోతున్న ఆ నియమావళిని టైపు కొట్టమని ఇచ్చారు. ఆ పొద్దున్నే ఆమెకి సంబంధం కుదిరింది. "పెళ్లయ్యాక నన్ను మర్చిపోనని ఒట్టు, నా చీరలు పట్టుకుపోనని ఒట్టు" అంటూ చెల్లెలు నెత్తి మీద చెయ్యి వేయించుకుని పది ఒట్లు వేయించుకుంది. చెవిలో ఆ మోత తగ్గకుండానే వచ్చి మిషను ముందు కూర్చుంది. "సభ్యులు ఒకరి ఎదుట ఒకరు బహిరంగముగా ఓటు వేయవలెను" అని ఉన్నచోట ఆమె వేళ్లు "ఒట్టు వేయవలెను" అని కొట్టాయి.

తర్వాతి సమావేశంలో అప్పటి అధ్యక్షుడు అది చదివి కంగారుపడ్డాడు. నాకు తెలియదంటే చిన్నతనం. మిగతావాళ్లకీ అంతే. ఎవరో ముందుగా పక్కాయన నెత్తి మీద చెయ్యి పెట్టారు. అందరూ పెట్టారు. తనకంటే ముందున్న గుమాస్తాని రాత తప్పులకే పంపించేశారని విని ఉండటంతో, మినిట్సమ్మ నోరు విప్పలేదు. ఆ తర్వాతొచ్చిన సభ్యులకి అది పూర్వీకుల సంప్రదాయమైపోయింది, ఇక విప్పడానికి ఆలస్యమైపోయింది.

నియమావళి తెమ్మన్న ఆ సాయంత్రం, ఇంట్లో గడియారాలు బాగుచేసే భర్త భూతద్దం కంటికి పెట్టుకుని అంతా విన్నాడు. ఇరవయ్యారేళ్ల కాపురంలో ఆమె చెప్పని సంగతి ఇదొక్కటే.

"ఎలుకలు కొట్టేశాయని చెప్పు."

"ఇనప్పెట్టెలో ఎలుకలా?"

"తాళంచెవి పోయిందను."

"నా నడుముకే వేలాడుతోంది. మీ తమ్ముడు రోజూ చూస్తున్నాడు."

అంతలో మెట్లు దిగి మాస్టారే వచ్చాడు. "ఏంటి వదినా, మొహం అలా వాడిపోయింది? గురువారం నీ గొంతుతోనే వాళ్ల పూర్వీకుల బండారం బయటపడుతుంది చూడు."

"పడుతుందిలే నాయనా," అంది మినిట్సమ్మ. "పాపం పూర్వీకులు."

బుధవారం మధ్యాహ్నం ఆమె స్టోరు గదిలో ఇనప్పెట్టె తెరిచింది. పదకొండో నియమం, గుండ్రటి చేతిరాత, ఓటు. కలం తీసింది. 'ట' కింద వత్తు పెట్టడం క్షణం పని. కానీ ఓకారం దీర్ఘం ఎలా చెరపాలి? బ్లేడుతో గీకాలి. కాగితం చిల్లు పడితే? అయినా బ్లేడు కోసం సొరుగు లాగింది. దొరికింది కూడా. బ్లేడు కాగితానికి ఆనించాక ఆమెకి తన మీద తనకే ఒళ్లు మండింది. ఇంతకాలం చేసింది పొరపాటు. ఇప్పుడు చేయబోతున్నది దొంగతనం. పైగా రాతి పలక మీద పేరు కోసం! బ్లేడు సొరుగులో విసిరేసి, పుస్తకం చంకన పెట్టుకుని పైకి వచ్చేసింది.

గురువారం ఆమె లేచి నిలబడి చదివింది. "ఓటు వేయవలెను." మళ్లీ చదవమన్నారు. మళ్లీ "ఓటు" అనే ఉంది.

"టైపు కొట్టింది నేనే," అంది మినిట్సమ్మ. "తప్పు నాది. తెలిసీ ఇన్నాళ్లూ చెప్పలేదు. మొదట ఉద్యోగం పోతుందని. తర్వాత సిగ్గేసి."

 అధ్యక్షుడు తను రాసిన నాలుగు పేరాల వ్యాఖ్యానం వంక చూసి వెంటనే చూపు తిప్పుకున్నాడు. "పలక చెక్కడం కూడా అయిపోయిందే!" అన్నాడు నీరసంగా.

గెలిచిన మాస్టారి మొహంలో గెలుపు లేదు. "వదినా..." అన్నాడు, సభ అన్న సంగతే మర్చిపోయి. వెంటనే "మేడమ్, కూర్చోండి" అన్నాడు. ఆమె కూర్చోలేదు.

ఒట్టు లేకుండానే ఓటు పెట్టి పదకొండో నియమంలోని ఒట్టుని కొట్టేశారు. అప్పుడు నర్సమ్మ చెయ్యెత్తింది.

"కొట్టేశారు, బాగుంది. ఒక్క మాట. తొమ్మిదేళ్ల కిందట పిల్లల ఆటస్థలం తీసేసి షాపులు కడదామన్న రోజు గుర్తుందా? ఈ బట్టల షాపు బాబు ముందే అటువైపు మాటిచ్చేసి వచ్చాడు. తీరా నా నెత్తి మీద చెయ్యి పెట్టి 'నాకు తోచిందే' అనబోయి ఆగిపోయాడు. చివరికి ఒట్టు పూర్తిచేసి, కట్టొద్దని ఓటేశాడు. ఆ ఒక్క ఓటుతోనే ఆటస్థలం నిలిచింది."

అందరూ బట్టల షాపాయన వైపు చూశారు. ఆయన తన అరచెయ్యి చూసుకున్నాడు. "అవునండీ. అక్కయ్యగారి తల వేడిగా ఉంది. జ్వరమో ఏమో. వేడిగా ఉన్న తల మీద చెయ్యి పెట్టి అబద్ధం ఎలా ఆడతామండీ!"

ఇంకో ఇద్దరు కూడా గొంతు సవరించుకుని ఇలాంటివే చెప్పారు. మాస్టారు కాగితం మీద ఏవో రాసుకుని లేచాడు. "అయితే ఫలితం ఉందన్నమాట. కారణం దొరికింది. ఒట్టుని కొత్త నియమంగా, కారణంతో సహా, మళ్లీ పెట్టాలని ప్రతిపాదిస్తున్నాను."

అధ్యక్షుడు కుర్చీలోంచి లేచి అరిచాడు. "కుదరదు! మా పూర్వీకులది కాదని తేలాక ఇంకెందుకు? టైపు తప్పుకా నేను పదిహేనేళ్లు తల వంచింది?"

"నియమాన్ని ఎక్కడ పుట్టావని అడక్కూడదండీ. ఏం పని చేస్తావని అడగాలి."

"మొన్న మీరడిగింది పుట్టుకే కదయ్యా!"

"అడిగాను. అడిగితేనేగా పని సంగతీ బయటపడింది?"

"మీరిద్దరూ కుర్చీలు మార్చుకుంటే మేలు," అంది నర్సమ్మ. "అధ్యక్షులవారూ, ఇవాళ పెట్టేయండి. వందేళ్లకి అదే పూర్వీకుల సంప్రదాయమవుతుంది. మన ఫోటోలకి కూడా ఎవరో ఒకరు వ్యాఖ్యానం రాస్తారు."

ఫోటో మాట అధ్యక్షుడికి నచ్చింది. కూర్చున్నాడు. మందుల షాపాయన మాత్రం అప్పుడే లేచి, జీవితంలో మొదటిసారిగా ఒక సవరణ ప్రతిపాదించాడు. "తల" అన్నచోట "భుజము" అని ఉండాలని. కారణం ఎవరూ అడగలేదు. మాస్టారు కూడా అడగలేదు. పదకొండు చేతులు లేచాయి.

మధ్యాహ్నం గది ఖాళీ అయ్యాక మినిట్సమ్మ పుస్తకం తెరిచింది. మినిట్స్ రాయడంలో ఓ విద్య ఉంది. ఇద్దరు సభ్యులు తిట్టుకుంటే "అభిప్రాయ భేదము వ్యక్తమైనది" అంటారు. ఒకాయన కునుకు తీస్తే "మౌనముగా సమ్మతించిరి" అంటారు. ఆ విద్యలో ఆమెని మించినవాళ్లు లేరు. "నకలు ప్రతిలో స్వల్ప అక్షర భేదము గమనించబడినది" అని ఆమె కలం దానంతట అదే రాయబోయింది. ఆపింది. ఇలా రాసింది: "ఓటు అని ఉన్నచోట ఒట్టు అని నేను కొట్టాను. తెలిసీ చెప్పలేదు."

మర్నాడు సంతకానికి వచ్చిన అధ్యక్షుడు ఆ వాక్యం దగ్గర ఆగిపోయాడు. "మినిట్స్‌లో 'నేను' ఉండకూడదమ్మా. 'సభ' అంటాం, 'గుమాస్తా' అంటాం."

"టైపు కొట్టింది సభ కాదండీ."

ఆయన కలం మూత తీసి, పెట్టి, మళ్లీ తీసి సంతకం చేశాడు. పేజీ తిప్పబోతూ ఉలిక్కిపడి కళ్లు దగ్గరికి తెచ్చుకున్నాడు.

"ఇదేంటమ్మా, నేను కుర్చీలోంచి లేచి అరిచానని కూడా రాశారే?"

"అరిచారు కదండీ," అంది మినిట్సమ్మ.