బండి ఇంకా కనిపిస్తూనే ఉంది

కచేరీ బంట్రోతు మా గుమ్మం ముందు నిలబడినప్పుడు నాయన బండి ఇంకా కనిపిస్తూనే ఉంది. ఈ మాట నేనెవరికీ చెప్పలేదు. ఆ రోజు డైరీలో కూడా బండి వెళ్లిపోయిందనే రాసుకున్నాను.

మాది గొల్లపల్లిలో ఉప్పు, బట్టల దుకాణం. చింతపండు కాలంలో నాయన ఉప్పు బస్తాలు వేసుకుని బాసగూడ వైపు సంతలకు వెళ్లేవాడు. సరుకుకు బయల్దేరిన మనిషిని మా ఇంట్లో వెనక నుంచి పిలవరు. తిరిగొచ్చేదాకా కబురు పంపరు. బండి కదిలాక ఊరు దాటేవరకు నాయన కూడా ఎక్కడా ఆపేవాడు కాదు.

బంట్రోతు బండి వెళ్లిన దారినే ఎదురుగా నడిచి వచ్చాడు. మంచంలో ఉన్న తాత వేలిముద్ర తీసుకుని కాగితం ఇచ్చి వెళ్లాడు. ఇంట్లో హిందీ చదవడం నాకొక్కదానికే వచ్చు. జగదల్‌పూర్ సాహుకారు సంస్థానం కచేరీలో నాయన మీద పాత అప్పు నోటు చూపించి దావా వేశాడు. పది రోజుల్లో హాజరై, వాదించుకోవడానికి అనుమతి అడగాలని ఉంది. అడగకపోతే సాహుకారు రాసిందంతా ఒప్పుకున్నట్టే.

ఆ అప్పు నాయన చింతపండు తోలి ఎప్పుడో తీర్చేశాడు. నోటు పెట్టెలో ఎక్కడో ఉంది, దొరికాక చింపేస్తానని సాహుకారు అన్నాడట. నాయన మళ్లీ అడగలేదు. ఆ బండ్లు నింపినవాళ్లు ఊళ్లోనే ఉన్నారు. వాళ్ల సాక్ష్యం వినాలంటే ముందు అనుమతి రావాలి.

"బండి పోయిందా బిడ్డా?" అని తాత లోపలి నుంచి అడిగాడు.

బంట్రోతు వచ్చాడని వీధి వీధంతా గుమ్మాల్లోకి వచ్చి చూస్తోంది. వాళ్లందరి ముందు గొంతెత్తి పిలవాలి, అదీ సరుకుకు బయల్దేరిన మనిషిని. "పోయింది తాతా" అన్నాను.

ఎనిమిది రోజుల్లో వస్తాడనుకున్నాం. కాగితం నా పుస్తకంలో దాచి రోజూ తీసి చదివేదాన్ని. దారిలో ఇరుసు విరిగి నాయన పదమూడో రోజున వచ్చాడు. నేను చదివి వినిపించాక, బస్తాలు దించకుండానే మళ్లీ బయల్దేరాడు.

కాగితం చదివింది నేనే కనుక జగదల్‌పూర్‌కు నన్నూ తీసుకెళ్లాడు. ఆలస్యం ఎందుకైందని జడ్జి అడిగాడు. కాగితం వచ్చేసరికే ఊరు దాటిపోయానని నాయన చెప్పాడు. చదవగలిగిన పిల్ల ఇంట్లో ఉండి కూడా మనిషిని ఎందుకు పంపలేదని జడ్జి మళ్లీ అడిగాడు. మా ఇంటి పద్ధతి చెబితే సాహుకారు వకీలు నవ్వాడు. నేను నేల చూస్తూ నిలబడ్డాను. అనుమతి ఇవ్వలేదు. చింతపండు సంగతి నాయనను ఎవరూ అడగలేదు.

దుకాణం, ఎద్దులు వేలంలో పోయాయి. తాత ఆ వేసవి దాటలేదు. నాయన అదే సాహుకారు గోదాములో కూలికి చింతపండు తూచాడు. రెండో వానాకాలం జ్వరంతో పడ్డాడు. ఒక మధ్యాహ్నం గంజి తాగిస్తుంటే గిన్నె పక్కకు జరిపాడు. ఆయన చివరి మాటలు ఇవే.

"కచేరి మనిషి నా బండి పక్కనుంచే వచ్చిండు బిడ్డా. మనింటికేనేమో అనిపించింది. బయల్దేరినంక ఆగొద్దని ఆగలే."