అరువు గొంతు

సెట్లో అందరూ ఆమెను ఏడుపక్క అనేవాళ్లు. ఏళ్ల తరబడి సినిమాల్లో, సీరియల్స్‌లో ఏడవడమే ఆమె ఉద్యోగం మరి. కొడుకు జైలుకెళితే ఏడ్చింది, అల్లుడు తాగొస్తే ఏడ్చింది, హీరో గెలిస్తే సంతోషం పట్టలేక కూడా ఏడ్చింది. గ్లిజరిన్ జోలికి పోకుండానే ఏ కంట్లో కావాలంటే ఆ కంట్లో నీళ్లు తెప్పించేది. అంత పనిమంతురాలికి గొంతు దగ్గరే అన్యాయం జరిగింది. ఆమెది బొంగురు గొంతు. "తల్లి వేషానికి ఈ మొరటు గొంతేమిటి?" అని మొదటి సినిమాలోనే ఒక పెద్దమనిషి విసుక్కున్నాడు. అంతే, ఒక డబ్బింగ్ ఆవిడ తీయటి గొంతు తెచ్చి అతికించారు. ఆ అతుకు మళ్లీ ఊడలేదు.

పెళ్లి ఊసెత్తని ఏడుపక్కకు ఇంట్లో ఉన్నది అమ్మ ఒక్కతే. చూపున్నన్నాళ్లూ ఆవిడ తెరమీద కూతురిని చూసుకుని మురిసిపోయింది. చూపు పోయాక టీవీ ముందు కూర్చుని, "ఇందులో నువ్వెక్కడున్నావే? ఎవరో మాట్లాడుతున్నారు" అనేది. ఆ మాట ఏడుపక్క గుండెల్లో గుచ్చుకుంది. అమ్మ పోయేలోగా ఒక్కసారైనా తెరలోంచి తన గొంతు వినిపించాలనుకుంది.

సీరియల్‌లో తన పాత్ర చచ్చిపోయే సీను వచ్చినప్పుడు, ఎన్నడూ ఎవరినీ ఏదీ అడగని మనిషి వెళ్లి డైరెక్టర్ ముందు నిలబడింది.

"బాబూ, ఈ ఒక్క సీనుకీ డబ్బింగ్ నేనే చెప్పుకుంటాను."

"దానికేముంది అక్కా, చెప్పుకోండి."

చెప్పుకుంది. ప్రాణం పెట్టి చెప్పింది. ఇంటికొచ్చి అమ్మ చెవిన ఆ మాట వేసిందో లేదో, ఆవిడ అపార్ట్‌మెంట్ మెట్ల మీద ఎదురైన ప్రతివాళ్లకూ చాటింపు వేసేసింది.

ఆ సీను టీవీలో వచ్చే రోజు పొద్దున్నే డైరెక్టర్ ఫోన్ చేశాడు.

"ఏమీ అనుకోకండక్కా. మీకెవరో కొత్తావిడ డబ్బింగ్ చెప్పినట్టుంది, అస్సలు అతకలేదన్నారు చానల్ వాళ్లు. పాత గొంతే పెట్టేశాం."

తన నోటికి తన గొంతే అతకలేదట! అంతటి ఏడుపక్కకూ ఆ పూట కంట్లో చుక్క రాలేదు. చెప్పేద్దామని అమ్మ గదిలోకి వెళ్లింది. ఆవిడ పొద్దున్నే తలదువ్వుకుని, ఇస్త్రీ చీర కట్టుకుని కూర్చుంది. ఏడుపక్క ఆ మాట ఎత్తకుండానే, ఆవిడ చీర కుచ్చెళ్లు సర్ది వెనక్కి వచ్చేసింది.

సాయంత్రం పక్కింటావిడ కూడా వచ్చి కూర్చుంది. తెరమీద ఏడుపక్క తీయటి గొంతుతో కొడుక్కి జాగ్రత్తలు చెప్పి కన్నుమూసింది.

"ఇది మీ గొంతులా లేదేమిటండీ?" అంది పక్కింటావిడ.

అమ్మే అందుకుంది.

"మైకులో అలాగే ఉంటుందమ్మా. నా కూతురి గొంతు నాకు తెలియదూ? ఎంత బాగా చెప్పావే!"

అడుగుల చప్పుడును బట్టి వచ్చిందెవరో చెప్పేసే మనిషి ఆవిడ. అమ్మ అబద్ధమాడటం ఏడుపక్క వినడం అదే మొదలు. సిగ్గుతో, ప్రేమతో ఆమె ప్రాణం చచ్చిపోయింది. "ఊఁ" అని ఊరుకుంది. ఇంకో మాట మాట్లాడితే పక్కింటావిడకు ఆ గొంతుకీ ఈ గొంతుకీ తేడా తెలిసిపోతుంది.

ఆ తర్వాత అమ్మ టీవీ పెట్టమని ఎప్పుడూ అడగలేదు.