మామయ్యగారి ఆఖరి ట్రిప్పు

మా ఆయన కెమెరామన్ అనగానే ఎవరైనా సరే కుర్చీ దగ్గరికి లాక్కుని, ఏ హీరోతో చేశాడని అడుగుతారు. డాక్యుమెంటరీలు అని చెప్పగానే ఆ కుర్చీ మళ్ళీ వెనక్కి జరుగుతుంది. మా ఆడపడుచైతే, అన్నయ్య ఆ పురుగుల సినిమాలు మానేసి హాయిగా పెళ్ళిళ్ళు తీసుకోవచ్చు కదా వదినా, అని ఇప్పటికీ నస పెడుతుంది. పురుగుల మీద ఆయన తీసింది ఒకే ఒక్కటి, అదీ తేనెటీగల మీద. చెప్పీ చెప్పీ నా నోరు నొప్పెడుతోంది.

పనితనానికి వంక పెట్టలేను. ఆయన తీసినవి ఎడిట్ చేసేది నేనే. గనిలోనైనా, కోర్టు వరండాలోనైనా అక్కడి గోడలో కలిసిపోతాడు. ఇంకోసారి నడవండి అని ఎవరినీ అడగడు. కెమెరా మీద ఎర్ర లైటు వెలిగితే మనుషులు బిగుసుకుపోతారని దానిమీద నల్ల టేపు అంటిస్తాడు. రికార్డవుతోందని కెమెరా తెరమీద చూపే గుర్తులు కూడా ఆపేస్తాడు, బొమ్మకు అడ్డమట. ఏదో ఒకరోజు కొంప ముంచుకుంటారు అంటే, ఎప్పుడు నొక్కానో నా వేలికి తెలుసులే అనేవాడు. ఇంత చేస్తే అవార్డులు డైరెక్టర్లు పట్టుకుపోయారు. ఈయన పేరు చివర్లో, జనం లేచి బయటికి నడిచే వేళకు వస్తుంది.

అందుకే ఈసారి సొంత సినిమా అన్నాడు. మా మామయ్యగారు నది దాటించే లాంచీ నడిపేవారు. కొత్త వంతెన తెరిచారు కాబట్టి ఆఖరి ట్రిప్పు అయ్యాక లాంచీ పాత ఇనుముకి పోతుంది. ఆ ట్రిప్పు తీయాలి, మళ్ళీ దొరకదు. లోకంలో అందరినీ తీసినవాడు కన్నతండ్రిని ఒక్కసారీ తీయలేదు, మొహమాటమట. బయల్దేరేముందు ఆయన సంబరం చూస్తే నాకే ముచ్చటేసింది.

తీసుకొచ్చింది కంప్యూటర్లో తెరిచాను. లాంచీ చెక్కలు, మామయ్యగారి చెప్పులు, మా ఆయన ప్యాంటు, అన్నీ తలకిందులుగా. ముందు అర్థం కాలేదు. అర్థమయ్యాక ఒళ్ళు మండిపోయింది. మొదలెట్టడానికీ ఆపడానికీ ఒకటే బటన్, మొదట్లోనే ఎక్కడో ఒక నొక్కు ఎక్కువైంది. అక్కణ్ణించి అంతా తిరగబడింది. కెమెరా కంటికెత్తి తీస్తున్నాననుకున్నప్పుడల్లా అది ఆగిపోయింది. ఆపాననుకుని చేతిలో వేలాడేసినప్పుడల్లా తిరిగింది.

నోటికొచ్చినట్టు తిట్టాను. సంగతి విని మామయ్యగారు ఫోన్ చేశారు. దానికేముంది, లాంచీ ఇంకా రేవులోనే ఉంది, ఎక్కి నడుపుతాను, వచ్చి తీసుకోమన్నారు. ఈయనగారు ఒప్పుకోలేదు. అయిపోయినదాన్ని మళ్ళీ చేయించడం అబద్ధమట. నిజం ఎదురుగా ఉన్నప్పుడు జారవిడుచుకుని ఇప్పుడు నీతులు! తల గోడకేసి కొట్టుకోవాలనిపించింది. ఆ వారమే లాంచీని ముక్కలు చేసేశారు.

ఇక అంతా చెరిపేద్దామని ఇద్దరం కూర్చున్నాం. చెరిపేముందు ఒకసారి చివరిదాకా చూడటం నా అలవాటు. ఆఖరి క్లిప్పులోనూ చెప్పులే. బొమ్మ వదిలేసి శబ్దం పెంచాను. ఇంజను ఆపేసినట్టున్నారు, నీళ్ళ చప్పుడు తప్ప ఏమీ లేదు. కొడుకుతో రెండు ముక్కలు మాట్లాడటమే గొప్ప అనుకునే మామయ్యగారు మెల్లగా అన్నారు.

"పొద్దుట్నించీ ఆ డబ్బానే చూస్తున్నాన్రా. కాసేపు అది పక్కన పెట్టి ఇలా వచ్చి కూర్చో. నీ మొహం చూడనీ."

"ఒక్క నిమిషం నాన్నా, వెలుతురు బాగుంది," అన్నాడు మా ఆయన.

క్లిప్పు అక్కడ ఆగిపోయింది. ఆగిందంటే, కెమెరా మళ్ళీ కంటికెత్తాడన్నమాట. ఆ షాట్ అయ్యాక కెమెరానే కట్టేశాడేమో, ఇంకేమీ లేదు.

తర్వాతైనా వెళ్ళి కూర్చున్నారా అని అడిగాను.

"షాట్ బాగా వచ్చిందనుకున్నాను," అన్నాడు.