ఎర్ర పోగు అవతల లచ్చమ్మ

2023 జనవరి 9, సోమవారం, ఉదయం పదకొండుంబావు. హన్మకొండలోని ఒక ప్రైవేటు ఆసుపత్రిలో నేను ఆక్యుపేషనల్ థెరపిస్టును. జబ్బుతో పోయిన రోజువారీ పనులను మళ్లీ అలవాటు చేయించడం నా వృత్తి. వరంగల్ కొత్తవాడలో జంపఖానాలు, అంటే నేల మీద పరిచే నూలు తివాచీలు, నేసే ఐలయ్యను చక్రాల కుర్చీలో తెచ్చారు. పక్షవాతంతో ఎడమచెయ్యి బలహీనపడింది కానీ మాట చక్కగా ఉంది. ఆయనకు ఎడమపక్కన భార్య లచ్చమ్మ కూర్చుంది.

"మా లచ్చి రాలేదా సార్? నన్ను దవాఖానల పడేసి పోయింది," అన్నాడు ఐలయ్య.

"గీడనే ఉన్న గదా!" అంది లచ్చమ్మ. ఆ గొంతు విని ఆయన కుడివైపు వెతికాడు.

"సూడుండ్రి సారూ, వారం సంది గిదే. ముప్పై ఏండ్లు ఒక్క మగ్గం మీద పక్కపక్కన కూసోని నేసినం. ఇప్పుడు మొకం తిప్పుకుంటాండు. ఏం తప్పు జేసిన్నో చెప్పమనుండ్రి."

ఇడ్లీలు పెట్టించాను. పళ్లెంలో కుడివైపున్నది తిని, "ఒక్కటే వెట్టిండ్రేంది, గింత పీనాసోళ్లా?" అన్నాడు. ఎడమవైపున్నది అలాగే ఉంది.

సెరిబ్రల్ కార్టెక్స్ అంటే మెదడు పైపొర. మందం రెండు నుంచి నాలుగు మిల్లీమీటర్లే. వెడల్పాటి జంపఖానాను చిన్న పెట్టెలో కుక్కినట్టు, మడతలు పడి పుర్రెలో ఇమిడి ఉంటుంది. అందులో వెనకభాగం చూపును, ముందుభాగం ఆలోచననూ కదలికనూ నడుపుతాయి. వాటి నడుమ, పైభాగాన ఉండే పెరైటల్ లోబ్ మన చుట్టూ ఉన్న చోటును గమనిస్తుంది. ఐలయ్యకు దెబ్బతిన్నది కుడివైపు పెరైటల్ లోబ్. కళ్లు బాగానే ఉన్నాయి. ఎడమవైపు అనేది ఒకటుందన్న ఎరుకే పోయింది. దీన్ని నెగ్లెక్ట్ అంటాం. ఇదే లచ్చమ్మకు విడమరిచి చెప్పాను.

"గట్లయితే నా మీద కోపం గాదా?" అంది లచ్చమ్మ.

"కాదమ్మా."

ఆమె కొంగుతో కళ్లు తుడుచుకుని, లేచి కుడివైపుకు వచ్చింది.

"వచ్చినవా! ఎటువోయినవే?"

"ఎటు వోత? నీ నెత్తి మీదనే ఉన్న."

వాళ్ల నవ్వు చూస్తూ ఆమెను మళ్లీ ఎడమకు పంపడం కష్టమనిపించింది. కానీ కుడివైపే ఉంటే ఆయనకు వెతకాల్సిన అవసరమే రాదు; పోయిన ఎడమవైపు ఎరుక తిరిగి రాదు. ఆయన ముందున్న బల్ల ఎడమ అంచుకు ఎర్ర నూలుపోగు కట్టాను. అది కనబడేదాకా తల తిప్పాకే ఏ పనైనా మొదలుపెట్టాలి. లచ్చమ్మ ఆ పోగు అవతల కూర్చోవాలి.

ఏప్రిల్‌లో వాళ్లింటికి వెళ్లాను. మగ్గం ఎడమ అంచుకూ ఎర్ర పోగు కట్టి ఉంది. భర్త ఇబ్బంది పడకూడదని లచ్చమ్మ కుడిపక్కన కూర్చుంది.

"నీ జాగల నువ్వు కూసోవే," అన్నాడు ఐలయ్య. "జర ఆలిషమైనా ఎతుక్కుంట."

ఆమె ముప్పై ఏళ్లుగా తాను కూర్చునే ఎడమపక్కకు వెళ్లింది. ఆయన మెల్లగా తల తిప్పాడు. ఎర్ర పోగు దగ్గర ఆగాడు. ఇంకొంచెం తిప్పాడు.

"దొరికినవ్," అన్నాడు.

అప్పటి నుంచి ఏ రోగినైనా పరీక్షించే ముందు, ఇంట్లో ఎవరు ఎటువైపు కూర్చుంటారో అడుగుతున్నాను.

ఐలయ్యకు పోయినవి: ఎడమచేతి వేళ్ల పట్టు, సైకిల్ తొక్కడం, రోజంతా నేసే ఓపిక. మిగిలినవి: మాట, కుడిచెయ్యి, మగ్గం మీద ఇద్దరి చోట్లు.